డుబాయిస్ పుస్తకాల్లో ముందు ఏది పట్టుకోవాలి: సోల్సా, బ్లాక్ రీకన్‌స్ట్రక్షనా, డస్క్ ఆఫ్ డానా?

మన తెలుగువాళ్ళలో చాలామందికి అమెరికా బానిసత్వం గురించి గట్టిగా తెలిసింది సహవాసి గారు తెలుగు చేసిన "ఏడు తరాలు" వల్లే. అది చదివిన వాళ్ళకి తర్వాత ఒక ప్రశ్న వస్తుంది, సరే బానిసత్వం 1865లో పోయింది కదా, మరి ఇంకో వందేళ్ళకి మార్టిన్ లూథర్ కింగ్ మళ్ళీ రోడ్డు మీదకి ఎందుకు రావాల్సొచ్చింది, ఈ మధ్యలో అసలేం జరిగింది అని. ఆ మధ్యలో జరిగినదాన్ని రాసినవాళ్ళు చాలామందే ఉన్నారు, కానీ చరిత్రకారుడిగా రాసి, అదే టైంలో దిగి కొట్లాడిన మనిషి అంటే నాకు మొదట గుర్తొచ్చేది డబ్ల్యూ.ఇ.బి. డుబాయిస్.

ఈయన 1868లో మసాచుసెట్స్‌లోని గ్రేట్ బారింగ్టన్ అనే చిన్న ఊళ్ళో పుట్టాడు, 1963 ఆగస్టు 27న ఘనా రాజధాని అక్రాలో పోయాడు, ఆ మర్నాడే వాషింగ్టన్‌లో కింగ్ గారి ఫేమస్ స్పీచ్ జరిగిన మార్చ్, అక్కడ స్టేజి మీద నల్లవాళ్ళ హక్కుల కోసం పనిచేసే ఎన్‌ఏఏసీపీ సంస్థ నాయకుడు రాయ్ విల్కిన్స్ డుబాయిస్ చనిపోయిన వార్త చెప్పాడు. హార్వర్డ్ నుంచి పీహెచ్‌డీ తెచ్చుకున్న మొదటి నల్లజాతి మనిషి, 1909లో మొదలైన ఎన్‌ఏఏసీపీ సంస్థని నిలబెట్టినవాళ్ళలో ఒకడు, దాని పత్రిక "ది క్రైసిస్"ని 1910 నుంచి 1934 దాకా నడిపినవాడు. 95 ఏళ్ళ జీవితం, ఇరవైకి పైగా పుస్తకాలు. అందుకే కొత్తగా మొదలుపెట్టేవాళ్ళకి ఎక్కడ దూరాలో అర్థం కాదు.

ఎవరిని అడిగినా "సోల్స్ ఆఫ్ బ్లాక్ ఫోక్ చదువు" అంటారు. అది తప్పు సలహా కాదు. కానీ అక్కడితో ఆపేస్తారు చూడండి, అది నాకు నిజంగా బాధగా ఉంటుంది, ఎందుకంటే సోల్స్ రాసేనాటికి ఆయనకి 35 ఏళ్ళు, ఆ తర్వాత ఆయన ఇంకో అరవై ఏళ్ళు బతికాడు, ఆలోచించాడు, చాలా విషయాల్లో తన అభిప్రాయాలే మార్చుకున్నాడు. సోల్స్ ఒక్కటే చదివి డుబాయిస్ అంటే ఇదే అనుకుంటే సగం మనిషినే చూసినట్టు. కాబట్టి మీకేం కావాలో దాన్నిబట్టి ఏ పుస్తకం అనేది నాకు తోచినట్టు చెప్తా.

ముందు సోల్స్ సంగతే చూద్దాం. "ది సోల్స్ ఆఫ్ బ్లాక్ ఫోక్" 1903లో షికాగోలో అచ్చయింది. 14 చాప్టర్లు, అన్నీ ఒకే రకం కావు, ఒకటి చరిత్ర, ఒకటి జార్జియాలో పత్తి పండించే ఊళ్ళ మీద రిపోర్టు లాంటిది, ఒకటి కథ, ఒకటి ఏడుపు. ఏడుపు అని ఎందుకంటున్నానంటే, ఆయన మొదటి కొడుకు పసివాడిగా ఉన్నప్పుడే 1899లో అట్లాంటాలో చనిపోయాడు, దాని మీద ఒక చాప్టర్ ఉంది, తండ్రి అయినవాడు ఎవడూ దాన్ని ఒక్క ఊపులో చదవలేడు. బిడ్డ పోయాడన్న దుఃఖంలోనే, పోనీలే ఈ దేశంలో నల్లవాడిగా బతికే అవమానం తప్పించుకున్నాడు అనే ఒక భయంకరమైన ఊరట కూడా కలిసి వస్తుంది అందులో. ఇంకా ప్రతి చాప్టర్ నెత్తిన బానిసల పాటల స్వరాలు అచ్చేశాడు, ఆఖరి చాప్టర్ మొత్తం ఆ పాటల గురించే.

ఈ పుస్తకంలో రెండు మాటలు ప్రపంచమంతా పాకాయి. ఒకటి, ఇరవయ్యో శతాబ్దపు సమస్య రంగు గీత సమస్య, అంటే ఒంటి రంగుని బట్టి మనుషుల్ని విడదీసే గీత సమస్య అన్నది. రెండోది, నల్లవాడు ఎప్పుడూ తనని తాను ఎదుటివాడి కళ్ళతో కూడా చూసుకుంటూ బతకాల్సి వస్తుంది, ఒకే ఒంట్లో ఇద్దరు మనుషులు ఉన్నట్టు ఉంటుంది అన్నది. మన దగ్గర హాస్టల్లోనో ఆఫీసులోనో ఇంటిపేరు అడిగితే ఒక్క క్షణం తడబడి జవాబు చెప్పే వాళ్ళకి ఈ రెండో మాట విడమర్చి చెప్పక్కర్లేదు, చదవగానే తగులుతుంది.

అప్పట్లో నల్లవాళ్ళకి పెద్ద నాయకుడైన బుకర్ టి. వాషింగ్టన్ మీద రాసిన చాప్టర్ కూడా ఇందులోనే ఉంది. వాషింగ్టన్ 1895లో అట్లాంటాలో ఒక ప్రసంగం చేశాడు, దాని సారం ఏంటంటే, ఇప్పుడప్పుడే ఓటూ రాజకీయ హక్కులూ అని గొడవ పెట్టుకోకుండా చేతిపనులు నేర్చుకుని నాలుగు డబ్బులు సంపాదించుకుని ఎదుగుదాం అని. తెల్లవాళ్ళు తెగ మెచ్చుకున్నారు. డుబాయిస్ మాత్రం మర్యాదగానే, ఆ మనిషి చేసిన మంచి ఒప్పుకుంటూనే, ఓటు హక్కు, పౌరహక్కులు, పైచదువులు ఈ మూడూ వదిలేసుకుంటే ఆ సంపాదించింది కూడా నిలబడదు అని పాయింట్ బై పాయింట్ చెప్పాడు. 1903లో వాషింగ్టన్ అంత పవర్ ఉన్న నాయకుడిని పేరు పెట్టి అలా అనడం చిన్న విషయం కాదు.

మరి సోల్స్‌లో ఇబ్బందులు లేవా అంటే ఉన్నాయి. భాష బాగా అలంకారంగా ఉంటుంది, బైబిలు ధోరణి, గ్రీకు పురాణాలు, పొడుగు వాక్యాలు, ఇంగ్లీషు ఓ మాదిరిగా చదివేవాళ్ళకి మొదటి యాభై పేజీలు కష్టమే. అప్పట్లో జార్జియా వ్యాపారుల గురించి రాస్తూ యూదుల మీద కొన్ని మాటలు అన్నాడు, 1953లో వచ్చిన కొత్త ఎడిషన్‌లో వాటిని ఆయనే మార్చాడు. అన్నిటికంటే ముఖ్యం, ఇందులో ఆయన నమ్మకం ఎక్కువగా చదువుకున్న కొద్దిమంది మీద ఉంటుంది, పైవాళ్ళు చదువుకుని కిందవాళ్ళని లాక్కొస్తారు అన్న లైను. అదే ఏడాది "టాలెంటెడ్ టెన్త్" అని ఆయన విడిగా రాసిన వ్యాసం కూడా ఇదే లైను.

ఇప్పుడు బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్ దగ్గరికి వద్దాం. నా మనసంతా ఈ పుస్తకం మీదే ఉంది కాబట్టి కాస్త ఎక్కువ చెప్తా.

ఇది 1935లో వచ్చింది, ఏడొందల పేజీలు దాటుతుంది, 17 చాప్టర్లు, 1860 నుంచి 1880 దాకా ఇరవై ఏళ్ళ కథ. ఎందుకు రాయాల్సొచ్చిందో తెలిస్తే తప్ప దీని బరువు అర్థం కాదు. బానిసత్వం మీద ఉత్తర, దక్షిణ రాష్ట్రాల మధ్య జరిగిన సివిల్ వార్ అయ్యాక, రీకన్‌స్ట్రక్షన్ అని పిలిచే ఓ పదేళ్ళకి పైగా కాలంలో దక్షిణ రాష్ట్రాల్లో మాజీ బానిసలు ఓట్లేశారు, చట్టసభల్లో కూర్చున్నారు, మిసిసిపీ నుంచి హైరమ్ రెవెల్స్, బ్లాంచ్ బ్రూస్ అనే ఇద్దరు నల్లవాళ్ళు సెనేట్‌కి వెళ్ళారు, సౌత్ కరోలినా దిగువసభలో నల్లవాళ్ళే మెజారిటీ. 1877 వచ్చేసరికి ఉత్తరాది వాళ్ళు రాజీపడి చేతులెత్తేశారు, అంతా తలకిందులైంది. అయితే తర్వాత కొలంబియా యూనివర్సిటీలో విలియం డన్నింగ్ అనే ప్రొఫెసరూ ఆయన శిష్యులూ ఈ కాలం గురించి ఏం రాశారంటే, చదువూ సంధ్యా లేని నల్లవాళ్ళ చేతికి అధికారం ఇవ్వడమే తప్పు, అదంతా అవినీతి, అరాచకం, తెల్లవాళ్ళు మళ్ళీ అధికారం లాక్కుని దేశాన్ని కాపాడారు అని. ఇదే స్కూలు పుస్తకాల్లోకి వెళ్ళింది, సినిమాల్లోకి వెళ్ళింది. నల్లవాళ్ళకి ఓటు ఎందుకు ఇవ్వకూడదు అంటే "అదిగో ఒకసారి ఇచ్చి చూశాం కదా" అని చూపించే సాక్ష్యం అయింది. అంటే తప్పుడు చరిత్ర ఊరికే లైబ్రరీలో పడి ఉండలేదు, మనుషుల ఓట్లు లాగేసే పని చేసింది.

(అంబేడ్కర్ గారు 1913 నుంచి 1916 దాకా చదివింది ఇదే కొలంబియాలో, డన్నింగ్ అప్పటికి అక్కడే పాఠాలు చెప్తున్నాడు. ఆ క్యాంపస్ నుంచి ఈ రెండు రకాల మనుషులూ వచ్చారని తల్చుకుంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యంగానే ఉంటుంది.)

డుబాయిస్ 1909లోనే అమెరికన్ హిస్టారికల్ అసోసియేషన్ మీటింగ్‌లో దీనికి ఎదురు చెప్తూ ఒక పేపర్ చదివాడు, రీకన్‌స్ట్రక్షన్ వల్ల దక్షిణాదికి మంచే జరిగింది, ఉచిత ప్రభుత్వ బడులు అప్పుడే వేళ్ళూనుకున్నాయి, కొత్త సామాజిక చట్టాలు వచ్చాయి అని. విన్నారు, అచ్చేశారు, పక్కన పెట్టేశారు. అందుకే పాతికేళ్ళ తర్వాత ఇంత లావు పుస్తకం రాశాడు. పుస్తకం మొదట్లోనే పాఠకుడికి చెప్పేస్తాడు, నేను నల్లవాళ్ళని మామూలు మనుషులుగానే అనుకుని ఈ కథ చెప్తాను, అలా అనుకోలేనివాళ్ళని నా సాక్ష్యాలు మార్చలేవు అన్నట్టుగా. అంత ప్రశాంతంగా అంత కోపం చూపించిన మాట నేను ఇంకో చరిత్ర పుస్తకంలో చూడలేదు.

ఇందులో అసలు దెబ్బ నాలుగో చాప్టర్. పేరు "ది జనరల్ స్ట్రైక్". అప్పటిదాకా అందరూ చెప్పింది లింకన్ బానిసల్ని విడిపించాడు అని. డుబాయిస్ ఏమంటాడంటే, యుద్ధం మొదలవగానే బానిసలు పొలాలు వదిలేసి ఉత్తరాది సైన్యం వైపు నడవడం మొదలుపెట్టారు, ఆయన అంచనాలో అయిదు లక్షల మంది దాకా, అది వట్టి పారిపోవడం కాదు, సమ్మె. దక్షిణాదికి తిండీ, పత్తీ, కందకాలూ అన్నీ వాళ్ళ చేతులతోనే కదా, ఆ చేతులు ఆగిపోయాయి, పైగా అవే చేతులు అవతలి సైన్యానికి పనిచేశాయి, తర్వాత దాదాపు 1,80,000 మంది తుపాకీ పట్టి ఆ ఉత్తరాది (యూనియన్) సైన్యంలో చేరారు. అంటే స్వేచ్ఛ వాళ్ళకి ఎవరో దానం చేసింది కాదు, వాళ్ళు తెచ్చుకున్నది.

ఇక్కడే రెండు పుస్తకాల మధ్య తేడా కొట్టొచ్చినట్టు తెలుస్తుంది, దయచేసి ఈ పని చేసి చూడండి. సోల్స్‌లో రెండో చాప్టర్ కూడా ఇదే కాలం గురించి, విడుదలైన బానిసల్ని ఆదుకోడానికి ప్రభుత్వం పెట్టిన ఫ్రీడ్‌మెన్స్ బ్యూరో గురించి. అందులో కూడా బానిసలు సైన్యం వెంట నడుస్తారు, కానీ వాళ్ళు ఎక్కువగా ఆకలితో, అయోమయంగా, ఎవరో ఒకరు ఆదుకోవాల్సిన జనంలా కనిపిస్తారు. కథ నడిపేది బ్యూరో, ఆఫీసర్లు, టీచర్లు. 32 ఏళ్ళ తర్వాత అదే మనిషి అదే జనాన్ని చూసి, వీళ్ళు కార్మికులు, చరిత్రని నడిపింది వీళ్ళే అన్నాడు. మధ్యలో ఆయన మార్క్స్‌ని చదివాడు, పత్రిక నడిపాడు, 1929 తర్వాతి ఆర్థిక మాంద్యంలో జనం పాట్లు చూశాడు. రెండు చాప్టర్లూ ఒకదాని పక్కన ఒకటి పెట్టుకుని ఒక వీకెండ్‌లో చదివితే చాలు, ఒక చరిత్రకారుడి మెదడు ఎంత దూరం ప్రయాణం చేయగలదో అక్కడే కనిపిస్తుంది.

ఇంకో సంగతి, పేద తెల్లవాళ్ళు నల్ల కార్మికులతో ఎందుకు కలవలేదు అన్నదానికి ఈ పుస్తకంలో ఇచ్చిన జవాబు. జీతం తక్కువే వచ్చినా, తెల్లవాడు కావడం వల్ల వాళ్ళకి సమాజంలో ఒక మర్యాద, పోలీసు దగ్గర ఒక దయ, పార్కుల్లో బడుల్లో ఒక చోటు దొరికేవి, అది కూడా ఒక రకమైన కూలీయే, మనసుకిచ్చే కూలీ అంటాడు. కులం గురించి ఆలోచించే ఎవరైనా ఈ రెండు పేజీల దగ్గర ఆగిపోతారు. మన పల్లెల్లో కూడా భూమి లేకపోయినా, అప్పులో మునిగినా, పేటలోవాళ్ళకంటే మేము పైన అన్న ఒక్క భావంతో పక్కన కూలీకొచ్చే మనిషితో కలవనివాళ్ళు ఎంతమంది లేరు.

దీనికి మైనస్సులు కూడా చెప్పాలి. పేజీలకి పేజీలు రిపోర్టుల్లోంచి కొటేషన్లు, 10 నుంచి 13 దాకా చాప్టర్లు రాష్ట్రాల వారీగా నడిచే కథ, అమెరికా రాజకీయాలు తెలియకపోతే పేర్లలో మునిగిపోతాం. మార్క్సిస్టు మాటలు కొన్నిచోట్ల ఆ కాలానికి సరిగ్గా అతకవని తర్వాతి చరిత్రకారులు అన్నారు, నాకూ కొంత అలాగే అనిపిస్తుంది. పాత పత్రాలు ఉండే దక్షిణాది ఆర్కైవ్స్ వాడలేదు, అచ్చయిన రిపోర్టుల మీదే ఎక్కువ ఆధారపడ్డాడు అనే విమర్శ కూడా ఉంది, కానీ రంగుని బట్టి తలుపులు మూసే రోజుల్లో ఒక నల్ల స్కాలర్‌కి అక్కడ పనిచేయడం ఎంత కష్టమో కూడా ఆలోచించాలి కదా. వచ్చినప్పుడు అమెరికాలో పెద్ద చరిత్ర పత్రిక దీనికి రివ్యూ కూడా వేయలేదు. ఇవాళ ఆ కాలం మీద పనిచేసేవాళ్ళు ఎవరూ దీన్ని దాటకుండా వెళ్ళలేరు.

కాబట్టి దీన్ని వరసగా చదవొద్దు. మొదటి నాలుగు చాప్టర్లు చదవండి, అక్కడినుంచి సూటిగా 15, 16, 17కి వెళ్ళండి. 15 ప్రభుత్వ బడులు ఎలా పుట్టాయో చెప్తుంది, 16 మళ్ళీ బానిసత్వం వైపు ఎలా నెట్టేశారో చెప్తుంది, 17 "ది ప్రాపగాండా ఆఫ్ హిస్టరీ", స్కూలు పుస్తకాల్లో ఏం రాశారో కొటేషన్లతో సహా పరిచి పెడతాడు. మీరు టీచర్ అయితే ఈ 17వ చాప్టర్ ఒక్కటి చదివినా చాలు, రేపు క్లాసులో చరిత్ర పాఠం వేరేగా చెప్తారు.

మూడోది "డస్క్ ఆఫ్ డాన్", 1940. ఇది ఆత్మకథే, కానీ నేను పుట్టాను పెరిగాను టైపు కాదు, తన జీవితాన్ని అడ్డం పెట్టుకుని జాతి అనే భావన ఎలా పనిచేస్తుందో చెప్పే పుస్తకం. వాదనలు ఇష్టపడేవాళ్ళకి, "ఇంతకీ డుబాయిస్ స్కాలర్ నుంచి యాక్టివిస్ట్ ఎలా అయ్యాడు" అని అడిగేవాళ్ళకి నేను ఇదే ఇస్తా. 1899లో జార్జియాలో శామ్ హోస్ అనే నల్ల కూలీ మీద హత్య ఆరోపణ వచ్చింది. డుబాయిస్ దాని మీద ఒక స్టేట్‌మెంట్ రాసుకుని పేపర్ ఆఫీసుకి బయల్దేరాడు, దారిలో తెలిసింది, ఆ మనిషిని గుంపు చంపేసిందని, అతని వేలి ఎముకలు అదే రోడ్డులో ఒక కిరాణా కొట్లో జనం చూడ్డానికి పెట్టారని. వెనక్కి తిరిగి ఇంటికొచ్చేశాడు. అప్పటిదాకా ఆయన నమ్మకం, జనానికి నిజాలు తెలియక ఇలా ఉన్నారు, లెక్కలు తీసి చూపిస్తే మారతారు అని. మనుషుల్ని ఇలా చంపుతుంటే లెక్కలేసుకుంటూ కూర్చోలేను అని అక్కడ అర్థమైంది అంటాడు.

సోల్స్‌లో ఆయన నల్లవాళ్ళకీ మిగతా ప్రపంచానికీ మధ్య ఒక తెర ఉంది అంటాడు. డస్క్ ఆఫ్ డాన్‌కి వచ్చేసరికి తెర కాస్తా మందపాటి అద్దం అయింది, లోపలివాళ్ళు మర్యాదగా మాట్లాడతారు, బయటివాళ్ళకి వినపడదు, తర్వాత అరుస్తారు, కొట్టుకుంటారు, అయినా బయట నడిచేవాళ్ళకి వాళ్ళ పెదాలు కదలడం మాత్రమే కనిపిస్తుంది, వింతగా చూసి వెళ్ళిపోతారు. 37 ఏళ్ళ పోరాటం తర్వాత రాసిన మాట ఇది. ఇదే పుస్తకంలో ఎవరు నల్లవాడు అన్న ప్రశ్నకి, జార్జియాలో రైల్లో నల్లవాళ్ళకి పెట్టిన విడి పెట్టెలో కూర్చోవాల్సినవాడే నల్లవాడు అని జవాబు చెప్తాడు, సైన్సు లేదు రక్తం లేదు, ఎక్కడ కూర్చోబెడతారో అదే జాతి. అంత తేలిగ్గా అంత పెద్ద విషయం తేల్చేశాడు.

ఇంక "డార్క్‌వాటర్", 1920. ఇది రకరకాల ముక్కల పుస్తకం అన్నట్టు ఉంటుంది, వ్యాసాలు, కవితలు, కథలు కలిపి, కోపం మాత్రం అన్నిటికంటే ఎక్కువ. ఆడవాళ్ళ గురించి డుబాయిస్ ఏమన్నాడో కావాలంటే దీనికే వెళ్ళాలి, "ది డ్యామ్నేషన్ ఆఫ్ విమెన్" అనే వ్యాసం అందులోనే ఉంది, స్త్రీలకి సొంత సంపాదన ఉండాలి, పిల్లలు ఎప్పుడు కావాలో వాళ్ళే తేల్చుకోవాలి అని 1920లో రాశాడు. తెల్లవాళ్ళ మనసు గురించి ఒక వ్యాసం ఉంది, వలసపాలన మీద అంత పదునుగా రాసింది తక్కువ. సైన్స్ ఫిక్షన్ ఇష్టమైతే "ది కామెట్" కథ చదవండి, తోకచుక్క విషవాయువుతో న్యూయార్క్ అంతా చచ్చిపోయి ఒక నల్ల బ్యాంకు ఉద్యోగి, ఒక డబ్బున్న తెల్ల అమ్మాయి మిగులుతారు. చాలా చిన్న కథ. ఫోన్‌లోనే అయిపోతుంది.

మిగతావి త్వరగా చెప్పేస్తా. "ది ఫిలడెల్ఫియా నీగ్రో", 1899, ఆ సిటీలో ఏడో వార్డు ఇంటింటికీ తిరిగి చేసిన సర్వే, సోషియాలజీ చదివేవాళ్ళకి తప్పనిసరి, మిగతావాళ్ళకి టేబుల్స్‌తో బోర్ కొట్టొచ్చు. "జాన్ బ్రౌన్", 1909, సాయుధంగా బానిసత్వం మీద తిరగబడిన తెల్లవాడి జీవితం, ఈజీగా చదువుకోవచ్చు. "డార్క్ ప్రిన్సెస్", 1928, నవల, ఇందులో హీరోయిన్ కౌటిల్య అనే ఒక ఇండియన్ రాకుమారి, మనవాళ్ళకి ఆ పేరు చూసి ఆసక్తి పుడుతుంది, నల్లవాళ్ళూ ఆసియావాళ్ళూ కలిసి సామ్రాజ్యాల్ని ఎదిరించాలన్న ఆలోచన గొప్పది, నవలగా మాత్రం మరీ రొమాంటిక్, మొదటి పుస్తకంగా వద్దు.

అసలు ఇండియాతో లింకు కావాలంటే నవల కంటే ఉత్తరాలు చూడండి. 1946లో అంబేడ్కర్ గారు డుబాయిస్‌కి ఉత్తరం రాశారు, అమెరికా నల్లవాళ్ళు ఐక్యరాజ్యసమితికి పెట్టుకున్న అర్జీ కాపీ కావాలి, అంటరానివాళ్ళ తరఫున మేమూ అలా చేయాలని ఆలోచిస్తున్నాం అని, మా పరిస్థితికీ మీ పరిస్థితికీ ఎంతో పోలిక ఉంది అని. డుబాయిస్ జులై 31న జవాబు రాశాడు, మీ గురించి నాకు తెలుసు, మీకు నా పూర్తి సానుభూతి ఉంది అని. రెండు ఉత్తరాలూ యూనివర్సిటీ ఆఫ్ మసాచుసెట్స్ ఆమ్‌హర్స్ట్ వాళ్ళ దగ్గరున్న డుబాయిస్ పేపర్స్‌లో ఉన్నాయి, ఆన్‌లైన్‌లో ఎవరైనా ఫ్రీగా చూడొచ్చు.

ఆఖరి ఆత్మకథ ఒకటుంది, ఆయన పోయాక 1968లో అమెరికాలో వచ్చింది. 1951లో ముసలితనంలో ఆయన్ని విదేశీ ఏజెంట్ అని కేసు పెట్టి కోర్టుకి లాగడం, కేసు కొట్టేశాక కూడా 1958 దాకా పాస్‌పోర్టు ఇవ్వకపోవడం, ఈ కథ తెలియాలంటే అది చదవాలి. కానీ సోవియట్ యూనియన్ గురించీ చైనా గురించీ అందులో రాసింది కళ్ళు మూసుకుని మెచ్చుకున్నట్టే ఉంటుంది, స్టాలిన్ చనిపోయినప్పుడు కూడా ఆయన పొగుడుతూ రాశాడు. తన దేశంలో ప్రతి అబద్ధాన్నీ పట్టుకున్న మనిషి అక్కడ జరిగిన చావుల్ని చూడలేదు, ఇది ఆయన్ని ప్రేమించేవాళ్ళం దాచకూడని విషయం. అందుకే దాన్ని మొదట చదవకండి, మిగతావి అయ్యాక చదవండి.

ఇంటర్ డిగ్రీ పిల్లలకి ఇవ్వాలంటే సోల్స్‌లో ఒకటో చాప్టరూ, కొడుకు గురించిన చాప్టరూ, "ఆఫ్ ది కమింగ్ ఆఫ్ జాన్" కథా ఈ మూడు చాలు. కులం, కూలీ, ఉద్యమాలు మీ సబ్జెక్టు అయితే నేను చెప్పిన వరసలో బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్‌తోనే మొదలెట్టండి, సోల్స్ ముందు చదవకపోయినా ఏం కాదు. అసలు ఒక్కటే చదివే టైం ఉంది, లావు పుస్తకం వద్దు అంటే డస్క్ ఆఫ్ డాన్. సోల్స్, డార్క్‌వాటర్ ప్రాజెక్ట్ గూటెన్‌బర్గ్‌లో ఫ్రీగా దొరుకుతాయి, డబ్బు పెట్టక్కర్లేదు. కొనాలనుకుంటే లైబ్రరీ ఆఫ్ అమెరికా వాళ్ళ "రైటింగ్స్" అనే వాల్యూమ్‌లో సోల్స్, డస్క్ ఆఫ్ డాన్ రెండూ కలిపి ఉన్నాయి, బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్ వాళ్ళదే 2021లో విడిగా వచ్చింది, కొనేముందు దగ్గర్లో యూనివర్సిటీ లైబ్రరీ ఉంటే అక్కడ అడగండి, పాత పేపర్‌బ్యాక్ ఎడిషన్ దొరికినా సరిపోతుంది.